కాకినాడ అఖాతము – కోరంగి రేవు

భూగోళ పాఠములలో మన పిల్లలకు పట్టుపడని మాటలలో 'అఖాతము' ఒకటి. కొండ యనిన బూదికోట దుర్గము ఎదుటనే యున్నది. చెరువనిన ఊరూర నున్నది. అఖాతమునకు మాత్రము చూపుటకు మనయొద్ద వస్తువేదియు లేదు. "మూడు వైపుల భూమిచే చుట్టబడిన సముద్రభాగము" అని పుస్తకములోని వాక్యమును పిల్లలు వల్లించెదరు గాని, ఆ మూడు వైపుల భూమి ఎట్లు వచ్చినది, దానివలన ఎవరికేమి లాభము, ఎవరికేమి నష్టము అని అడిగిన ఊరకుందురు. అందుచేత ఒక్క అఖాతమునే తీసికొని, దాని పుట్టుకయు చరిత్రయు కొంత వివరముగా ఇచ్చట వ్రాయుచున్నాము. తల్లిదండ్రులు తీరిక వేళ దీనిని చదివి ఇంట పిల్లలకు చెప్పగలరని మా కోరిక.

మేము ఎన్నుకొన్నది కాకినాడ అఖాతము. కోరంగి అఖాతమని పాతపేరు. ఇది తూర్పుతీరమున మిక్కిలి మఱుగు గల జలభాగములలో నొకటి. దీనిని ఎన్నుకొనుటకు మఱొక కారణము కూడ గలదు. తెలుగుదేశమునకు వెలుపల నివసించు తెలుగువారికి ఒకానొక కాలమున ఈ అఖాతపు రేవు పేరే జాతిపేరై నిలిచినది. ఆ సంగతి ముందు చెప్పెదము.

సముద్రము మనకు దూరమేగాని సంబంధము లేనిది కాదు. కోలారు పీఠభూమి సముద్రమట్టమునకు సుమారు 800 మీటర్ల యెత్తున నున్నది. ఇచ్చట పడిన వాననీరు తూర్పునకే దిగవలెను. పాలారు ఈ సీమనుండియే బయలుదేరి తమిళదేశములో సముద్రమున కలియును. నంది కొండల ప్రాంతమున పుట్టిన ఉత్తరపినాకిని నెల్లూరు సీమలోను, దక్షిణపినాకిని కడలూరు చెంతను సముద్రమును చేరును. మన బూదికోట వద్ద ఆనకట్ట గల మార్కండేయ నది కృష్ణగిరి సీమలోనికి పోయి ఈ దక్షిణపినాకినిలోనే కలియుచున్నది. నేడు బూదికోటలోను, అంతకు దిగువ 2023లో ప్రారంభమైన యరగోళులోను, ఇంకను దిగువ కృష్ణగిరి, సాత్తనూరు ఆనకట్టలలోను నీరు నిలుచుటచే, మిక్కిలి వానలు కురిసిన యేట తప్ప మన నీరు కడలూరు దాక పోవుట అరుదు. అయినను పటముమీద వ్రేలు పెట్టి బూదికోటనుండి కడలూరు వరకు గీత గీయించినచో, సముద్రము మన ఊరి వాగునకు చివరి మజిలీ యని పిల్లలకు తెలియును.

ఆ కడలూరుతో మన ఊరికి మఱియొక సంబంధము కలదు. 1721 ప్రాంతమున బూదికోటలో జన్మించిన హైదరాలీ, 1782 జులై మాసమున కడలూరు సమీపమున విడిసియుండి ఫ్రెంచి నౌకాధిపతి సఫ్రెనును కలిసికొనెను. ఆ సంవత్సరమున సఫ్రెను ఆంగ్ల నౌకాధిపతి హ్యూసుతో తూర్పుతీరముననే పలుమార్లు పోరాడెను. కాని వారిద్దరిని సమానముగ బాధించిన శత్రువు వేఱొకటి యుండెను. కడలూరు గాని, చెన్నపట్టణము గాని, పుదుచ్చేరి గాని అప్పుడు రేవులనిపించుకొన్నను నిజమునకు బహిరంగ సముద్రములే. ఓడలు తీరమునకు దూరముగా లంగరు దించి నిలువవలెను. అక్టోబరు వచ్చి ఈశాన్యపు గాలి మొదలుకాగానే ఆ లంగరు ఎప్పుడు తెగునో యని ప్రాణము బిగబట్టుకొనవలెను. అందుచేతనే సఫ్రెను ఆ యేటి ఆగస్టు చివర సింహళములోని త్రింకోమలిని పట్టుకొనెను. అది కొండలు చుట్టుకొన్న సహజమైన రేవు. ఆశ్రయము పోగొట్టుకొన్న హ్యూసు అక్టోబరులో చెన్నపట్టణమువద్ద తుపానులో చిక్కి, బొంబాయికి తరలిపోయెను. సఫ్రెను సైతము ఆ చలికాలమును సుమత్రా దీవిలో గడపెను. నావికాబలములు మరల వచ్చు లోపల 1782 డిసెంబరు 7వ తేదీన హైదరాలీ చిత్తూరు సమీపమున కాలధర్మము నొందెను. పశ్చిమతీరమున స్వయముగా ఓడలు కట్టించిన ఆ ప్రభువునకు, తూర్పుతీరమున రేవులేమి యెంత లోటో బాగుగా తెలిసియుండవలెను.

ఇక పటమును మరల చూడుడు. పశ్చిమతీరమున ఓడ దూరుటకు వీలైన సందులు పలుచోట్ల కలవు. తూర్పుతీరము కన్యాకుమారినుండి వంగదేశము వరకు ఇంచుమించు కోసిన అంచువలె సాగిపోవును. కారణము నదులే. తూర్పునకు పాఱు నదులు పెద్దవి. అవి తెచ్చు ఇసుక, ఒండ్రు తీరపు గుంటలన్నిటిని పూడ్చి నునుపు చేసినవి. తెలుగుతీరమున ఈ నియమమునకు చెప్పుకొనదగిన మినహాయింపులు కొన్నియే. విశాఖపట్టణమున డాల్ఫిన్ ముక్కు అను కొండమొన అడ్డునిలుచుటచే మఱుగు ఏర్పడినది. నెల్లూరు దిగువ పులికాటు సరస్సునకు శ్రీహరికోట దిబ్బ అడ్డు. మూడవది కాకినాడ. మొదటిదానికి రాయి కాపు. మూడవదానికి ఇసుకయే కాపు. తీరమును పూడ్చిన ఆ నదీ ఇసుకయే ఇచ్చట రేవును కట్టినది. ఈ వింతను పిల్లలకు నిదానముగా చెప్పవలెను.

గోదావరి నాసికవద్ద త్ర్యంబకమున పుట్టి 1465 కిలోమీటర్లు ప్రవహించి ధవళేశ్వరము దిగువ రెండు ముఖ్యశాఖలగును. తూర్పుశాఖ గౌతమి, పడమటిశాఖ వసిష్ఠ. వేల సంవత్సరములుగా ఈ శాఖలు తెచ్చిన ఒండ్రుచే డెల్టా భూమి సముద్రములోనికి పొట్టవలె ముందుకు వచ్చినది. ఆ పొట్టకు ఉత్తరమున తీరము మరల వెనుకకు, అనగా పడమటికి, మళ్లును. ఆ మళ్లినచోట మిగిలిన మూలయే కాకినాడ అఖాతము.

ఇంతవరకు నది చేసిన పని. తరువాతి పని అలలది. అల ఒడ్డునకు నేరుగా గాక ఓరగా వచ్చి కొట్టును. ఇసుకరేణువును ఓరగా పైకి నెట్టును. మరలిపోవునప్పుడు నేరుగా క్రిందికి లాగును. ఈ రీతిగా రేణువు రంపపు పండ్లవంటి దారిలో తీరము వెంబడి నడచుచుండును. మన తూర్పుతీరమున మార్చి మొదలు అక్టోబరు వరకు ఈ నడక ఉత్తరమునకు. ఈశాన్యపు గాలి వీచు రెండు మూడు మాసములు దక్షిణమునకు. ఏడాది మొత్తము లెక్కించిన ఉత్తరపు నడకయే యెక్కువ. గౌతమి మొగవద్ద సముద్రములో పడిన ఇసుక ఇట్లు ఉత్తరమునకు నడచుచు, తీరము పడమటికి మళ్లినచోట తాను మాత్రము మళ్లక సూటిగా పోయినది. అచ్చట లోతు తక్కువ, వేగము తక్కువ, మేటవేసినది. ఆ మేటపై మఱియొక మేట. ఇట్లు సుమారు 200 సంవత్సరములలో 16 కిలోమీటర్ల పొడవు గల ఇసుకదిబ్బ ఏర్పడినది. దానినే హోప్ ఐలాండు అందురు. ఆంగ్లములో ఆ మాటకు ఆశ యని యర్థము. తుపానువేళ ఓడవారికి ఆశ కల్పించినందున ఆ పేరు వచ్చినదని చెప్పుదురు.

ఈ సంగతిని నమ్మని పిల్లవానిని వానకాలములో చెరువు కట్టవద్దకు తీసికొనిపోవచ్చును. చెరువులోనికి వాగు దిగుచోట, ప్రవాహము నెమ్మదించినచోట నాలుకవలె సాగిన సన్నని ఇసుకమేట కన్పించును. ఆ నాలుక వెనుక నీరు కదలక నిలిచియుండును. అదియే చిన్న అఖాతము. అలలు చేయు పని మాత్రము చెరువులో కానరాదు. దానిని నోటితో చెప్పవలసినదే.

నేడు కాకినాడ అఖాతమునకు తూర్పున హోప్ ఐలాండు, పడమట కాకినాడ తీరము, దక్షిణమున మడ అడవులు ఎల్లలు. తెరచియున్నది ఉత్తరపు వైపు మాత్రమే. విస్తీర్ణము నూరు చదరపు కిలోమీటర్లకు పైబడినది. లోతు చాల తక్కువ. గౌతమినుండి చీలిన కోరంగి, గాడేరు అను పాయలు మడ అడవుల నడుమనుండి వచ్చి ఇందులో పడుచున్నవి. బయట సముద్రము ఉగ్రముగా నున్న దినములలో సైతము లోపల చిన్న పడవలు నిశ్చింతగా తిరుగును.

కోరంగి పాయమీదనే కోరంగి రేవు ఉండెడిది. దిబ్బ నేటి పొడవు పొందకమునుపే, ముందుకు చొచ్చుకొనివచ్చిన డెల్టాభూమి దక్షిణపు అలలకు అడ్డగుటచే ఓడలకు ఇచ్చట ఆశ్రయము దొరకెను. పదునెనిమిదవ శతాబ్దిలో యూరపు వర్తకులు ముగ్గురును ఈ చుట్టుపట్లనే చేరిరి. ఆంగ్లేయులు 1708లో ఇంజరమున కోఠీ పెట్టిరి. ఫ్రెంచివారు 1723లో యానామునకు వచ్చిరి. ఆ ఊరు 1954 వరకు వారి పాలనలోనే యుండెను. డచ్చివారు నేడు కాకినాడలో ఒక భాగమైన జగన్నాథపురమున స్థిరపడి 1825లో దానిని ఆంగ్లేయులకు విడిచిరి. వారందఱు కోరినది గోదావరి సీమ నేతబట్టలు. గోదావరి మీదుగా తేలివచ్చు టేకు దూలములుండుటచే ఓడల నిర్మాణమును మరమ్మతును ఈ సీమలో వృత్తియయ్యెను. సమీపమున తాళ్లరేవులో కొయ్య ఓడలు కట్టు వడ్రంగులు చిరకాలము పేరు పొందియుండిరి. అఖాతము నెమ్మదిగా నుండుటయు, పోటువేళ పాయలోనికి ఓడ యెక్కి పాటువేళ బురదపై నిలుచుటయు, ఓడ అడుగుభాగము బాగుచేయువారికి ఎంతయు అనుకూలించును.

ఇంత అనుకూలమైన స్థలమునకు వచ్చిన ఆపద కూడ ఆ స్థలస్వభావము నుండియే వచ్చినది. 1789 డిసెంబరులో తుపాను వచ్చెను. పోటు నిండుగా నున్న సమయముననే గాలి సముద్రమును నేలమీదికి తోసెను. మూడు మహాతరంగములు ఒకదానివెంట నొకటి ఊరిమీద పడెనని నాటివారు వ్రాసిరి. మృతులు ఇరువదివేలని చెప్పబడినది. యాభై యేండ్లు తిరిగి ఊరు కోలుకొన్న తరువాత 1839 నవంబరు 25న మరల అదే విధమైన ఉప్పెన. ఈ రెండవసారి మూడు లక్షలమంది మరణించిరని, ఇరువదివేల ఓడలు మునిగెనని పలు పుస్తకములు ఒకదానిని చూచి యొకటి వ్రాయుచున్నవి. మాకది నమ్మశక్యముగా లేదు. ఇరువదివేల ఓడలు నిలుచుటకు ఆ నాడు ప్రపంచమున ఏ రేవు చాలును? మొదటి ఉప్పెన మృతుల సంఖ్య రెండవదానిలో ఓడల సంఖ్యగా చేరియుండునేమో! పిల్లలకు ఈ సంఖ్యలను వల్లె వేయింపవలదని మా మనవి. రెండు ఉప్పెనలకు కోరంగి నేలమట్టమైనదనుట మాత్రము నిశ్చయము.

ఉప్పెన ఇచ్చట అంత యెత్తున ఎందుకు లేచెను? రెండు కారణములు. మన అర్ధగోళమున తుపానుగాలి గడియారపు ముల్లునకు ఎదురుదిశలో తిరుగును. అందుచేత తుపాను దక్షిణమున తీరము దాటినప్పుడు ఉత్తరమున నున్న ఊళ్లపైకి గాలి సముద్రమునుండి వీచును. ఇది ఒకటి. రెండవది లోతు లేమి. లోతైన సముద్రములో గాలి తోసిన నీరు అడుగునుండి వెనుకకు మరలిపోగలదు. లోతులేని అఖాతములో మరలుటకు చోటులేక నీరు పైకే లేచును. ప్రతిదినము అలలను అణచి ఓడలను కాపాడిన ఆ లోతులేమియే తుపాను దినమున ఊరిని ముంచెను.

కోరంగి దుఃఖమునుండి ప్రపంచమునకు ఒక జ్ఞానము కలిగినది. కలకత్తాలో నివసించిన హెన్రీ పిడ్డింగ్టన్ అను ఆంగ్లేయుడు ఓడల దినచర్య పుస్తకములను సేకరించి తుపానుల గమనమును పరిశోధించెను. పాము చుట్టను తలపించు గ్రీకు శబ్దమునుండి 'సైక్లోన్' అను పేరు కల్పించినవాడు ఇతడే. 1848లో నావికులకొఱకు ప్రకటించిన గ్రంథమున ఇతడు 1789 నాటి కోరంగి ఉప్పెనను ఉదాహరించెను. తరువాత కలకత్తా దిగువ మాతలా నదిపై క్రొత్తరేవు కట్టదలచినప్పుడు, అచ్చట ఉప్పెన వచ్చునని 1853లో గవర్నరు జనరలునకు హెచ్చరిక వ్రాసెను. ప్రభుత్వము వినలేదు. క్యానింగు పేరిట రేవు కట్టబడెను. 1867లో తుపాను దానిని పాడుచేసెను. పిడ్డింగ్టన్ అప్పటికి జీవించి లేడు.

కోరంగిని ఉప్పెనలే పూర్తిగ చంపలేదు. మేట చంపినది. దిబ్బ పొడవగుకొలది వెనుక నీరు మఱింత నెమ్మదించెను. నెమ్మదించిన నీటిలో పాయలు తెచ్చిన ఒండ్రు మఱింత త్వరగా అడుగునకు దిగెను. ఓడ రాగలిగిన పాయలో తరువాత పడవయే రాగలిగెను. వర్తకము ఉత్తరమునకు జరిగి కాకినాడ చేరెను. 1852లో కాటన్ దొర ధవళేశ్వరము ఆనకట్ట ముగించుటచే కాలువలు వచ్చెను; ధాన్యము పడవలలో నేరుగా కాకినాడకు రాసాగెను. 1861 మొదలు 1865 వరకు అమెరికాలో అంతర్యుద్ధము జరిగినప్పుడు ఆంగ్లదేశపు మిల్లులకు ప్రత్తి కఱవయ్యెను. గుంటూరు సీమ ప్రత్తి ఈ రేవుద్వారా పోయి 'కోకనాడా' అను పేరుతోనే విపణిలో ప్రసిద్ధమయ్యెను. కాని కాకినాడకును మేట బాధ తప్పలేదు. పెద్ద ఓడలు తీరమునకు దూరముగా లంగరు దించి నిలువ, సరకును బార్జీలలో మోయుట ఆనవాయితీ. 1997లో లోతునీటి రేవు పనిచేయ నారంభించిన తరువాత కూడ ఈ లంగరు రేవు సాగుచునే యున్నది.

ఇక ముందు చెప్పెదమన్న జాతిపేరు సంగతి. కోరంగినుండియు తరువాత కాకినాడనుండియు ఓడ యెక్కి తెలుగువారు బర్మాకు వెళ్లిరి. వరికోతలకు, బియ్యపు మిల్లులకు, రంగూను రేవులో మూటలు మోయుటకు, పడవలు నడపుటకు పోయినవారు వీరు. శ్రీకాకుళమువాడైనను, విశాఖపట్టణమువాడైనను, గోదావరివాడైనను బర్మాలో అందఱును 'కోరంగీలే'. 1931 నాటి లెక్కలలో బర్మాయందలి భారతీయులు పదిలక్షలకు మించియుండిరి. వారిలో తెలుగువారు లక్షకు పైబడియుండిరి. ఆ పేరును ఇతరులు తఱచు చులకనగా వాడుచుండిరి. కూలి యనుటకు బదులు కోరంగీ యనుట కూడ కలదు. 1942లో జపానువారు బర్మాపై దండెత్తినప్పుడు వీరిలో వేలకొలది కుటుంబములు అడవిదారులవెంట కాలినడకను స్వదేశమునకు బయలుదేరిరి. త్రోవలో పలువురు రాలిపోయిరి.

మారిషసు దీవి కథ కొంత వేఱు. 1834 తరువాత చెఱకుతోటల పనికి ఒప్పందముపై కూలీలను తీసికొనిపోవుట మొదలయ్యెను. తెలుగుకూలీలలో పలువురు కోరంగి ఓడలలో వెళ్లిరి. అచ్చటను వారికి కోరంగీలనియే పేరు వచ్చెను. వారి సంతతివారు నేటికిని తెలుగువారమని చెప్పుకొనుచు, ఉగాది చేయుచు, రామభజనలు సాగించుచున్నారు. తరములు గడచుటచే మాటలాడు భాష క్రియోలు అయినను, బడులలో తెలుగు ఒక పాఠముగా నిలిచియున్నది. 1990లో మూడవ ప్రపంచ తెలుగు మహాసభలు ఆ దీవిలోనే జరిగినవి. మేము దీనిని పెద్ద గొప్పగా చెప్పుటలేదు. ఇంట మాటలాడని భాష బడిలో ఎంతవరకు నిలుచును అనునది వారికి తీరని ప్రశ్న. కన్నడ, తమిళముల నడుమ నున్న కోలారు సీమ తెలుగు తల్లిదండ్రులకు అది క్రొత్త ప్రశ్నయు కాదు. ఒకటి మాత్రము గమనింపదగినది: స్వస్థలమున కోరంగి పూడిపోయి పల్లెయైన కాలముననే, సముద్రముమీద అయిదారు వేల కిలోమీటర్ల దూరమున ఆ పేరు మనుష్యులకు అంటుకొని బ్రతికినది.

రేవు పోయినచోట అడవి పెరిగినది. ఒండ్రు మేటలపై మడచెట్లు మొలచును. ఉప్పునీటిలో బ్రతుకగల వృక్షములు తక్కువ. మడజాతులు అందుకు తగిన ఉపాయములు నేర్చినవి. బురదలో గాలి యాడదు గనుక నల్లమడ, తెల్లమడ చెట్ల వేళ్లు భూమినుండి మేకులవలె పైకి లేచి గాలి పీల్చును. ఉప్పుపొన్న చెట్టు కొమ్మలనుండి ఊతవేళ్లు దించి బురదలో నిలుచును. దాని విత్తు చెట్టుమీదనే మొలకెత్తి, మొలక క్రిందికి జారి బురదలో గ్రుచ్చుకొనును. తిల్లచెట్టు పాలు కంటికి తగిలిన ప్రమాదము. కట్టెలు కొట్టువారు దానికి దూరముగా నుందురు. ఈ వేళ్ల చిక్కులలో రొయ్యపిల్లలు, చేపపిల్లలు పెరిగి తరువాత సముద్రమునకు పోవును. మడ అడవిని నరికిన ఊరిలో వల ఖాళీగా వచ్చుట బెస్తవారికి అనుభవమున తెలిసిన సంగతి.

1978లో ప్రభుత్వము సుమారు 235 చదరపు కిలోమీటర్ల ప్రదేశమును కోరంగి వన్యప్రాణి రక్షితస్థలముగా ప్రకటించెను. ఆంధ్రదేశమున మిగిలియున్న మడ అడవులలో ఇదియే పెద్దది. నీటికుక్కలు, చేపలు పట్టు బావురుపిల్లి, వలసపక్షులు ఇందు కలవు. హోప్ ఐలాండు ఇసుకపై జనవరి మొదలు మార్చి వరకు ఆలివ్ రిడ్లీ తాబేళ్లు గ్రుడ్లు పెట్టుటకు వచ్చును. పాడైన భాగములలో చేప ముల్లు ఆకారమున, నడుమ ఒక పెద్దకాలువయు ఇరువైపుల ఏటవాలుగా చిన్నకాలువలును త్రవ్వి, పోటునీరు లోపలికి వచ్చునట్లు చేసి అటవీశాఖవారును పరిశోధకులును మడమొక్కలను మరల నాటిరి. నీరు పాఱని మడ ఉప్పుదేఱి చచ్చును. కావున మొక్కకంటె ముందు కాలువ కావలెనని వారు కనుగొన్నారు.

ఉప్పెన వచ్చినప్పుడు ఈ వేళ్లు నీటివేగమును కొంత విఱుచును. 1996 నవంబరు 6న కాకినాడకు దక్షిణమున తీరము దాటిన తుపానులో వెయ్యిమందికి పైగా మరణించిరి; వారిలో సముద్రముమీదను డెల్టా మొగలలోను ఉండిన బెస్తవారు అనేకులు. మడ అడవి గాలిని ఆపదు. నావలో నున్నవానిని కాపాడదు. వెనుకనున్న ఊరికి అల యొక్క బలము తగ్గించును. ఇంతకు మించి దానిమీద భారము మోపుట సరికాదు, అది లేకుండ చేసికొనుట అంతకంటె సరికాదు.

హిందువులు ఈ అఖాతమును పుణ్యస్థలముగా కూడ భావింతురు. గోదావరి సప్తశాఖలు సముద్రమును కలియు చోట్ల స్నానము చేయు సప్తసాగరయాత్ర కాకినాడ దగ్గరి చొల్లంగిలో మొదలగును. పుష్యబహుళ అమావాస్యను అచ్చట చొల్లంగి అమావాస్య యందురు. ఆ దినమున వేలజనము స్నానమునకు చేరును. బెస్తపల్లెలకు అది తిరునాళ్లు.

నేటి స్థితి చెప్పవలెను. గోదావరిపై ఎగువ నానాటికి ఆనకట్టలు పెరుగుటచే సముద్రమునకు వచ్చు ఒండ్రు పూర్వమంత లేదు. డెల్టా తీరము కొన్నిచోట్ల కోతపడుచున్నది. కాకినాడకు ఉత్తరమున నున్న ఉప్పాడ అందులకు మంచి ఉదాహరణము. జాందానీ చీరలవలన ఆ పేరు మన యిండ్లలో స్త్రీలకు తెలియని పేరు కాదు. దక్షిణమునుండి నడచి రావలసిన ఇసుకను హోప్ ఐలాండు దిబ్బయు, రేవుకట్టలును పట్టివేయుచున్నవి. దిబ్బను చుట్టివచ్చిన అలలు ఉప్పాడ తీరమున కూడుకొని బలముగా కొట్టుచున్నవి. ఇసుక వచ్చుట తగ్గి అల వచ్చుట తగ్గని తీరము నిలువదు. అక్కడ ఇండ్లు, గుళ్లు, వీథులు పలుమార్లు సముద్రములో కలిసినవి. కాకినాడనుండి ఉప్పాడ పోవు సముద్రపు ఒడ్డు బాటకు రాళ్లు పోసి, ఇసుక నింపిన పెద్ద సంచులతో గోడ కట్టిరి. తుపాను వచ్చినప్పుడెల్ల బాట తెగుచునే యున్నది. అఖాతము లోపలివారికి కాపైన దిబ్బ, వెలుపల ఇరుగుపొరుగున నున్న నేతగాండ్ర ఊరికి వాటాగా రావలసిన ఇసుకను ఆపియుంచినది. ఆ బాటను వేసవి సెలవులలో చూడబోవువారు పిల్లలను కూడ తీసికొనిపోయి, ముందు దక్షిణమున దిబ్బ చాటున కదలని నీటిని, తరువాత ఉత్తరమున రాళ్లపై ఎగురు నీటిని ఒక్క దినముననే చూపింపవచ్చును; రెంటికిని నడుమ దూరము బస్సులో గంటకు మించదు.